గోడ మీది అమ్మ

పదకొండు నెలల పాటు నేను చచ్చిపోయి ఉన్నాను. వారానికి ఆరు రోజులు, సాయంత్రం ఏడున్నరకి, ఒక టీవీ సీరియల్లో, గోడకి వేలాడుతూ, మెడలో గంధపు దండతో. ఆదివారం సీరియల్ రాదు కాబట్టి ఆ ఒక్క రోజూ బతికి చర్చికి వెళ్లేదాన్ని.

మా వైజాగ్‌లో ఇప్పుడు ఇలాంటి పనులు కూడా దొరుకుతున్నాయి. సినిమా వాళ్లు సముద్రం కోసం, కొండల కోసం ఎప్పట్నుంచో వస్తూనే ఉన్నారు. పది రోజులుండి ఓ పాట తీసుకుని పోతారు. సీరియల్ వాళ్ల తీరు వేరు. ఒక ఇల్లు అద్దెకి పట్టారంటే ఏడాది పైన అక్కడే కాపురం. భీమిలి రోడ్డులో సముద్రానికి ఎదురుగా ఉన్న ఒక పాత బంగళా అలాగే పట్టారు. ఇక అక్కణ్ణుంచి చూడండి, ఆ బంగళా చుట్టూ ఎన్ని పొయ్యిలు వెలిగాయో. ఆనందపురం నుంచి పూలు బుట్టల్లో వచ్చేవి. పద్మనాభం నుంచి ఆడవాళ్లు మొదటి బస్సుకి పెళ్లి పేరంటాళ్లుగా వచ్చి, సాయంత్రం బస్సుకి మళ్లీ కూలి మనుషులుగా వెళ్లిపోయేవారు. బంగళా పక్క సందులో ఇడ్లీలమ్మే ఆవిడ రెండో గ్రైండర్ కొంది. మా వీధి చివరుండే అక్క అంతకు ముందు వాయిదాల మీద చీరలమ్మేది. ఆ చీరలు కట్టుకునే వాళ్లనే పోగుచేసి షూటింగుకి పంపే ఏజెంటు అయిపోయింది.

నేనుండేది జ్ఞానాపురంలో. ఆరేసిన తెల్లబట్ట మీద పోర్టు బొగ్గు దుమ్ము వాలే ఇల్లు. మా ఆయన పోర్టులో క్రేన్ ఆపరేటర్. ఆయన పోయి ఎనిమిదేళ్లు. పిల్లలు లేరు. నేను మిషన్ స్కూల్లో కుట్లు నేర్పే టీచర్ని, రిటైరయ్యాను. అంతవరకూ రోజూ అరవై మంది ఆడపిల్లలు నా చుట్టూ టీచర్ టీచర్ అని కాకుల్లా అరుస్తుంటే నోళ్లు ముయ్యండే అని కసిరేదాన్ని. మూశారు. రిటైరైన మర్నాటి నుంచి ఇంట్లో గడియారం చప్పుడు తప్ప ఏమీ లేదు. పాలబ్బాయితో రెండు మాటలు, కూరల బండి దగ్గర నాలుగు. కొన్ని రోజులు ఆ నాలుగూ కూడా ఉండేవి కావు.

అక్క ఒకరోజు వచ్చి గుమ్మంలో నిలబడింది.

"ఏటే, ఇలా గోడలు సూసుకుంటూ ఎన్నాళ్లు కూకుంటావు? రేపు షూటింగుకి రా. పెళ్లి సీను. నాకు పది మంది తగ్గుతన్నారు."

"నాకేటి వచ్చక్కా యాక్టింగు?"

"యాక్టింగేటి! కుర్సీలో కూకోడం రాదా నీకు? టిఫినెడతారు, బోయనం ఎడతారు, బేటా ఇత్తారు."

బేటా అంటే రోజు కూలి. నాకు దాని మీద ఆశ లేదని కోతలు కోయను గానీ, నన్ను లేపింది ఆ భోజనం మాట. పదిమంది వరసలో కూర్చుని తిని ఎన్నాళ్లయిందో.

పెళ్లి సీన్లో మేము వెనక వరసల చుట్టాలం. అక్కడో పద్ధతుంది. ముందు అసలు ఆర్టిస్టులు మాట్లాడుతుంటే, వెనక చుట్టాలు కబుర్లు చెప్పుకుంటున్నట్టు ఉండాలి, కానీ గొంతు రాకూడదు. ఊరికే పెదాలు కదపాలి, చేతులు తిప్పాలి, తలలూపాలి. పద్మనాభం నుంచి వచ్చినావిడ నా వైపు తిరిగి గాలిలో ఏదో చెప్పింది. నేను గాలిలోనే జవాబు చెప్పాను. కొత్తవాళ్లకి ఇది రాదని డైరెక్టరు విసుక్కుంటున్నాడు. నాకు మొదటిసారికే వచ్చేసింది. ఎనిమిదేళ్లుగా ఇంట్లో నేను చేస్తున్న పని అదే కదా అనుకున్నాను.

మధ్యాహ్నం కో-డైరెక్టరు మా వరసల మధ్య తిరుగుతూ ఒక్కొక్కరి ముఖంలోకి చూడ్డం మొదలెట్టాడు. కో-డైరెక్టరంటే సెట్లో అందరి మీదా అరిచే మనిషి. హైదరాబాదు కుర్రాడు, ముప్ఫై ఉంటాయేమో, గొంతు మాత్రం అరిచి అరిచి ముసలిదైపోయింది. కథలో హీరోయిన్‌కి తల్లి లేదట, కాలేజీలో ఉండగానే పోయిందట. గోడకి ఆవిడ ఫోటో కావాలి. ఆ ఫోటోకి ఒప్పుకున్న ఆర్టిస్టు ఎందుకో రాలేదు.

"మీరు లేవండమ్మా," అన్నాడు నన్ను. "మీ ముఖంలో ఒక శాంతం ఉంది."

"శాంతం కాదు బాబూ. పొద్దుటి నుంచి కాఫీ పడక అలా ఉంది," అన్నాను.

పట్టుచీర కట్టారు. జాకెట్టు నాకు రెండింతలుంది, వెనకాల పిన్నీసులు పెట్టి బిగించారు. కుట్లు నేర్పిన దాన్ని, అది చూస్తే నాకు ఒళ్లు మండింది. తర్వాత మేకప్ అతను బొట్టు పెట్టబోయాడు. మా ఇళ్లలో పెట్టుకోం బాబూ, క్రైస్తవులం అన్నాను. అతను చెయ్యి ఆపి కో-డైరెక్టరు వైపు చూశాడు. అతనేమో, ఆవిడ పుణ్యస్త్రీగా పోయిందమ్మా, బొట్టు లేకపోతే ఎలా అన్నాడు. నిజంలో ఆయన పోయి నేను మిగిలాను. కథలో నేను పోయి ఆయన మిగిలాడు. ఆ లెక్క నాకెందుకో నచ్చింది. సరే పెట్టు అన్నాను.

ఫోటో తీశారు, గంటలో పెద్దది చేయించి ఫ్రేము కట్టించి తెచ్చారు, దండ వేశారు, కెమెరాతో దాన్ని దగ్గర్నుంచి, దూరం నుంచి, పక్క నుంచి తీశారు. అయిపోయింది కదా అని నేను పిన్నీసులు విప్పుకోబోతుంటే కెమెరామన్ ఆగమన్నాడు. బతికున్న మనిషి ఫోటోకి దండ వేస్తే, ఆ వెంటనే ఆ మనిషిని నిలబెట్టి నవ్వుతుండగా ఒక ముక్క తియ్యాలట. దోషం పోవడానికి. శవంగా పడుకున్న వాళ్లకైనా అంతేనట. ఆ ముక్క ఎక్కడా వాడరు, అయినా తియ్యకుండా కదలరు. సీరియల్ లోకం సెల్‌ఫోన్ల మీద నడుస్తున్నా ఇది మాత్రం ఎవరూ మానలేదు.

"నవ్వండమ్మా."

పెదాలు సాగదీశాను. అది నవ్వు కాదన్నాడు. ఇంకోసారి. ఇంకోసారి. లైట్లు పట్టుకున్న వాళ్లు, టీ పట్టుకున్న వాళ్లు, పెళ్లి చుట్టాలు అందరూ పని ఆపి నా నవ్వు కోసం చూస్తున్నారు. కో-డైరెక్టరు జోకేశాడు, అదీ రాలేదు. నాకు ఏడుపొచ్చేలా ఉంది. నవ్వడానికి కూడా ఒక మనిషి ఎదురుగా ఉండాలని, అలవాటు తప్పితే అది కూడా తుప్పు పడుతుందని అప్పుడు తెలిసింది.

వెనక నుంచి అక్క అరిచింది. "ఓలె, మీ ఆయన పంట్లాం గేపకం సేసుకోయే!"

పెళ్లైన కొత్తలో, నేను కుట్లలో ఎంత గొప్పదాన్నో చూపించాలని ఆయనకి పంట్లాం కుట్టాను. తొందరలో రెండు కాళ్లూ కలిపి కుట్టేశాను. ఆయన మర్యాదకి ఏమీ అనకుండా అందులో దూరడానికి చాలాసేపు ప్రయత్నించాడు. అది తలుచుకోగానే నవ్వొచ్చింది. వచ్చింది ఆగలేదు. కట్ చెప్పాక కూడా నవ్వుతూనే ఉన్నాను, తర్వాత కళ్లు తుడుచుకున్నాను. మేకప్ అతను పాపం టిష్యూ ఇచ్చాడు.

ఆ రోజు వచ్చేటప్పుడు కో-డైరెక్టరు ఒక మాట అన్నాడు. "ముందు ముందు ఫ్లాష్‌బ్యాక్ ఉంటుందమ్మా. నాలుగు రోజుల పని మీకు. ఆ అమ్మాయి మీ ఒళ్లో తల పెట్టుకుని పడుకునే సీనుంది. పిలుస్తాం."

ఆ మాట అతను అలవాటుగా అని ఉంటాడు. నేను మాత్రం దాన్ని మూటగట్టుకుని ఇంటికి తెచ్చుకున్నాను.

సీరియల్ మొదలైంది. మొదటి వారం వీధంతా మా ఇంట్లోనే. హీరోయిన్ పిల్ల ఆ ఇంటి ముసలాయన చేత మాట పడి, గదిలోకి పరిగెత్తుకొచ్చి, తలెత్తి చూసింది. వెంటనే టీవీ నిండా నేను. మళ్లీ ఆ పిల్ల. కళ్ల నిండా నీళ్లు. "అమ్మా, నువ్వుంటే నాకీ గతి పట్టేదా?" అంది. వీధివాళ్లు చప్పట్లు కొట్టారు. నేను కొట్టలేదు. లేచి వెళ్లి టీవీ సౌండు పెంచాను.

రెండో వారానికి వీధివాళ్లు మానేశారు. నేను మానలేదు. ఆ పిల్లకి కష్టాలకి కొదవ లేదు కాబట్టి వారానికి మూడు నాలుగు సార్లైనా ఫోటో దగ్గరికి వచ్చేది. అమ్మా అనేది. నేను ఊఁ అనేదాన్ని. మొదట్లో నోట్లో అనుకునేదాన్ని, తర్వాత పైకే. ఏడవకే, ఆ ముసలాడి మాటలు పట్టించుకోకు, నువ్వు తిన్నావా అని అడిగేదాన్ని. సిగ్గుపడకుండా చెబుతున్నాను, ఆ పిల్ల వచ్చేవేళకి ముఖం కడుక్కుని కూర్చునేదాన్ని. యాభై ఎనిమిదేళ్లు వచ్చాక నన్ను ఒకరు అమ్మా అని పిలిచారు. ఎక్కడుండి పిలిస్తేనేం అనుకున్నాను.

చేపల బజారులో ఒకావిడ నన్ను చూసి తూకం వదిలేసింది. "ఓలమ్మా! నువ్వు సచ్చిపోనావు కదే! బతికే ఉన్నావేటి?" అని చెయ్యి పట్టుకుని చూసింది. రెండు చేపలు ఎక్కువేసింది. బుధవారం సాయంత్రం ప్రార్థన కూటాలకి వెళ్లడం మానేశానని పాస్టరమ్మగారు ఇంటికి వచ్చారు. బొట్టు సంగతి, దండ సంగతి మెల్లిగా ఎత్తారు. నేను విసురుగా, దండ నాకు కాదండీ, కథలో వాళ్లమ్మకి అన్నాను. ఆవిడ మంచి మనిషి. వెళ్తూ వెళ్తూ, ఒక్కరే ఉండకండి, అప్పుడప్పుడూ మా ఇంటికి రండి అన్నారు. వెళ్లాల్సింది. ఆవిడ ఇంట్లో ఏడున్నరకి వార్తలు పెడతారని వెళ్లలేదు.

ఫ్లాష్‌బ్యాక్ కోసం నేను జాకెట్టు కూడా కుట్టుకున్నాను. ఆ పిన్నీసుల గోల మళ్లీ నా వల్ల కాదు. ఆ పట్టుచీరకి నప్పే రంగు గుడ్డ కోసం రెండు బజార్లు తిరిగాను. అక్క కనపడినప్పుడల్లా ఎప్పుడు పిలుస్తారక్కా అని అడిగేదాన్ని.

"ఇంకా రాయలేదంటే! రాత్తే నాను సెప్పనా? ఇలా పేణం తీసెత్తన్నావేటే!"

పదకొండో నెలలో అక్కే వచ్చింది. ముఖం వాడిపోయి ఉంది. యూనిట్ హైదరాబాదు వెళ్లిపోతోందట. అక్కడ ఇదే బంగళాని సెట్ వేశారట, ఇంక ఇక్కడికి రావక్కర్లేదట. "ముప్పై మంది నా ఎనకాల తిరుగుతన్నారే. ఆళ్లందరికీ నానేటి సెప్పను?" అని గుమ్మంలోనే కూలబడింది. ఇడ్లీలావిడ గ్రైండరు అమ్మకానికి పెట్టిందట. నేను అక్క చెయ్యి పట్టుకుని ఓదార్చాను. కానీ నా మనసు ఇంకో మాట దగ్గర ఆగిపోయింది, అది అడగడానికి నాకు నోరు రాలేదు. అక్కే చివర్న చెప్పింది. ఎల్లుండి ఆఖరి రోజు, ఫ్లాష్‌బ్యాక్ ఆరోజే, నాలుగు రోజులది ఒక్క రోజుకి కుదించేశారు, నువ్వు రావాలి.

తెల్లారకుండానే వెళ్లాను, నా జాకెట్టు సంచిలో పెట్టుకుని. నా సీను మధ్యాహ్నం భోజనాల తర్వాత. అంతవరకూ హాల్లో ఒక మూల కుర్చీ వేశారు. అప్పుడు చూశాను ఆ పిల్లని మొదటిసారి. నా ఫోటో తీసిన రోజు తను ఊళ్లోనే లేదట. టీవీలో కంటే సన్నగా, చిన్నగా ఉంది. తీస్తున్నది ఫోటోతో మాట్లాడే సీనే.

కానీ గోడ మీద ఫోటో లేదు.

ఒక ఇనప స్టాండుకి నల్ల టేపు ముక్క అంటించారు, వేలెడంత. యాక్షన్ అనగానే ఆ పిల్ల ఆ టేపు ముక్క వైపు చూసి ఏడ్చింది. నిజం కన్నీళ్లే. పక్కన ఒకతను డైలాగు ముక్కలు ముక్కలుగా చదువుతుంటే తను వెనకే పెదాలు కదిపింది. తెలుగు రాదు. కర్ణాటక పిల్ల. గొంతు హైదరాబాదులో ఇంకెవరో ఇస్తారట.

నా పక్కన కేబుళ్లు చుడుతున్న అసిస్టెంటుని అడిగాను, ఫోటో ఏది బాబూ అని.

"ఫోటో షాట్లు ఫస్ట్ డే తీసేశాం కదాండీ. అవే వాడుకుంటాం ఎప్పుడూ. ఫ్రేము అద్దంలో లైట్లు కొడతాయని లోపల పెట్టేశాం. మేడమ్‌కి లుక్కు కోసం ఈ టేపు చాలు," అన్నాడు. పాపం అతనికి అదో మామూలు సంగతి.

లుక్కంటే చూపు ఎటు ఉండాలో చెప్పే గుర్తు. పదకొండు నెలలు ఆ పిల్ల నన్ను చూడనే లేదు. నా ముఖం ఎలా ఉంటుందో తనకి తెలియదు. అమ్మా అన్న గొంతు తనది కాదు. చూపు నా కోసం కాదు. మధ్యలో నేనొక్కదాన్నే, జ్ఞానాపురంలో, ముఖం కడుక్కుని కూర్చుని ఊఁ ఊఁ అనుకున్నాను. నాకు చాలా కోపమొచ్చింది. ఎవరి మీద కోపపడాలో తెలియలేదు. ఎవరి పని వాళ్లు సరిగ్గానే చేశారు, ఎవరి కూలి వాళ్లు తీసుకున్నారు, నేనూ తీసుకున్నాను. అక్కడి నుంచి లేచి వెళ్లిపోదామనుకున్నాను. కానీ అక్క మాట పోతుంది. ఇంకో నిజం కూడా ఉంది. ఒళ్లో పడుకునే సీను ఇంకా అవలేదు.

భోజనాలయ్యాక నా జాకెట్టు తొడుక్కుని, పట్టుచీర కట్టుకుని, మంచం మీద కూర్చున్నాను. కో-డైరెక్టరు ఆ పిల్లకి ఇంగ్లీషులో ఏదో చెప్పాడు. తను నా వైపు సరిగ్గా చూడకుండానే వచ్చి పడుకుని నా ఒళ్లో తల పెట్టింది. హెయిర్ డ్రెస్సర్ వచ్చి ఆ జుట్టు నా మోకాలి మీదికి పరిచి, సర్ది, నాతో గట్టిగా చెప్పింది. "చెయ్యి పెట్టకండమ్మా. యాక్షన్ అన్నాకే. కంటిన్యుటీ పోతే నన్ను తిడతారు." ఇందాకటి షాట్లో జుట్టెలా ఉందో ఇప్పుడూ అలాగే ఉండాలి. నా రెండు చేతులూ మంచం పట్టె మీద పెట్టుకున్నాను.

లైట్లు వెలిగాయి. డైరెక్టరు రెడీ అన్నాడు. అంతలో బయట జెనరేటర్ దగ్గి ఆగిపోయింది. ఒక్కసారి గదంతా మసకబారింది. అందరూ బయటికి పరిగెత్తారు. ఉక్కపోతకి హెయిర్ డ్రెస్సర్ కూడా వెళ్లిపోయింది. ఎవరూ కదలొద్దు, పది నిమిషాలే అని ఒక గొంతు వినపడింది.

పది నిమిషాలు ఎప్పుడో దాటిపోయాయి. ఆ పిల్ల నిద్రపోయింది. ఆఖరి రోజని తెల్లవారుజాము నాలుగింటి నుంచి ఏడిపిస్తూనే ఉన్నారు తనని. నోరు కొంచెం తెరుచుకుంది. తల బరువెక్కింది. ఇంత బరువుంటుందని నేను అనుకోలేదు. కిటికీలోంచి సముద్రం చప్పుడు, బయట జెనరేటర్‌ని తిడుతున్న చప్పుడు. నా కుడికాలు తిమ్మిరెక్కి నాది కాకుండా పోయింది. ఆ పిల్ల నుదుటి మీద ఒక వెంట్రుక చెమటకి అతుక్కుని, ఊపిరి తీసినప్పుడల్లా కంటి మీద ఆడుతోంది. పక్కకి తీద్దామని చెయ్యెత్తాను. మళ్లీ దించేశాను.

కో-డైరెక్టరు లోపలికి వచ్చాడు, చొక్కా తడిసి ముద్దై ఉన్నాడు.

"ప్యాకప్ అమ్మా. ఏదో పార్టు ఆటోనగర్ నుంచి రావాలంట, రేపటి దాకా రాదంట. మాకు సాయంత్రం ఫ్లైటు. ఫ్లాష్‌బ్యాక్ ఇంక లేదు, ఫోటో మీదే మాటలు వేసి నడిపించేస్తాం. బేటా మీకొచ్చేస్తుంది లెండి," అన్నాడు. తర్వాత నా ఒళ్లోకి చూసి గొంతు తగ్గించాడు. "మేడమ్‌ని లేపండి. వ్యాన్ రెడీగా ఉంది."

"నాను లేపుతాను బాబూ, నువ్వెల్లు," అన్నాను.

అతను వెళ్లిపోయాడు. బయట లైట్లు విప్పుతున్నారు, ఇనప స్టాండ్లు లారీలోకి ఎక్కిస్తున్నారు. ప్యాకప్ అన్నాక ఆ జుట్టు చెదిరినా అడిగేవాళ్లు ఎవరూ లేరు. నేను ఆ పిల్లని లేపలేదు. తల మీద చెయ్యి వేశాను.